తాతయ్యను దొంగను చేసిన అతుకు

నా చిన్నప్పుడు మా తాతయ్య ఒక సినిమాలో దొంగగా కనిపించాడు. ఆయన వేషం కట్టలేదు, ముఖానికి రంగు పూసుకోలేదు, ఒక్క మాటా మాట్లాడలేదు. తన మందలో పుట్టిన గొర్రెపిల్లను ఎత్తుకుని తన దారిన తాను నడిచాడు. తెర మీద అది దొంగతనమైంది. తాండూరు రేకుల టాకీసులో మా ఊరు ఊరంతా చూసింది. చూసి నమ్మింది. అరవై ఏళ్ళు దాటాయి, అయినా ఈ మాట రాసి కొట్టేస్తాను, మళ్ళీ రాస్తాను. వయసు మీద పడిందని మా ఇంట్లోవాళ్ళు అనుకుంటారు. అది కోపమని నాకు తెలుసు.

మాది యాలాల్ పక్కన చిన్న ఊరు. తరతరాలుగా గొర్రెలు కాసే ఇల్లు. తాతయ్య మందలో సగానికి పైగా గొర్రెలు మావి కావు. పటేలువి, తాండూరు కిరాణా సేటువి, ఇంకా నలుగురైదుగురు రైతులవి. అవన్నీ పాలుకు ఇచ్చినవి. అంటే గొర్రె వాళ్ళది, మేపడం మాది, పుట్టిన పిల్లల్లో చెరి సగం. దానికి కాగితం ఉండదు, సాక్షి ఉండడు. అడవిలో ఏ గొర్రె ఈనిందో, ఏ పిల్ల బతికిందో, దేన్ని తోడేలు పట్టుకుపోయిందో కాపరి వచ్చి చెప్పాలి, గొర్రెను ఇచ్చినవాడు నమ్మాలి. మా ఇంట్లో రోజూ అన్నం ఉడికిందంటే తాతయ్య మాటకు ఉన్న ఆ నమ్మకం వల్లే. ఊళ్ళో అందరూ ఆయన్ని మంద తాత అనేవాళ్ళు.

ఒక ఎండాకాలం చివర పచ్చిక కోసం మందను అనంతగిరి అడవుల దాకా తోలుకుపోయాం. బడికి సెలవులు కాబట్టి నేనూ వెంట ఉన్నాను. తొలకరి జల్లు పడుతున్న ఒక ఉదయం గుట్ట దిగువన సినిమావాళ్ళు కనిపించారు. గొడుగులు, పెట్టెలు, మూడు కాళ్ళ మీద నిలబెట్టిన కెమెరా. వాళ్ళ కథలో గొర్రెల కాపరి పిల్ల ఒకతె ఉందట. మా మందను చూసి సంబరపడిపోయారు. తాతయ్యను చూసి ఇంకా సంబరపడ్డారు. కెమెరా ముందునుంచి ఒకసారి ఊరికే నడిచి పొమ్మన్నారు.

ఆ తెల్లవారుజామునే ఒక గొర్రె ఈనింది. పిల్ల తడిసి వణుకుతుంటే తాతయ్య దాన్ని చంకలో పెట్టుకుని పైన గొంగడి కప్పుకున్నాడు. అలాగే నడిచాడు. సగం దూరం పోయాక ఒక్కసారి ఆగి వెనక్కి చూశాడు, మళ్ళీ గబగబా నడిచాడు. నేను పక్కన ఒక బండ మీద కూర్చుని చూస్తున్నాను. తాతయ్య వెనకాల పది అడుగుల దూరంలో తల్లి గొర్రె అరుచుకుంటూ వస్తోంది. అది వస్తోందో లేదో అనే ఆయన చూశాడు. ఇందులో చెప్పుకోవడానికి ఏమీ లేదు, మేం రోజూ చేసే పని. సినిమావాళ్ళు తాతయ్యకు గాజు గ్లాసులో చాయ్ ఇచ్చారు, నాకు రెండు బిస్కెట్లు ఇచ్చారు.

సినిమా తాండూరుకు రావడానికి ఏడాది పట్టింది. ఆ ఏడాదంతా తాతయ్య కనిపించినవాళ్ళకల్లా ఈ సంగతి చెప్పాడు. పోస్టరు పడ్డ రోజున ఊళ్ళో బండ్లు కట్టించింది కూడా ఆయనే. పటేలు వచ్చాడు, రైతులు వచ్చారు, పొరుగు మంద కాపరులు వచ్చారు, చంటిపిల్లల్ని ఎత్తుకుని ఆడవాళ్ళు వచ్చారు. మధ్యాహ్నం ఆటకు నేల మీద మా ఊరే నిండిపోయింది. తాతయ్య తలపాగా కొత్తది. అందరికీ కనిపించాలని కాబోలు, మధ్యలో కూర్చున్నాడు.

తెర మీద కాపరి పిల్ల నిద్రలేచింది. దొడ్డిలో తను ప్రాణంగా పెంచుకున్న గొర్రెపిల్ల లేదు. వెతికింది, పిలిచింది, గుండెలు బాదుకుని ఏడ్చింది. ఆ ఏడుపు మీదనే బొమ్మ మారి మా తాతయ్య వచ్చాడు. చంకలో పిల్ల, పైన గొంగడి. గబగబా నడుస్తున్నాడు. ఆగాడు. వెనక్కి చూశాడు. ఎవరైనా వస్తున్నారేమో అన్నట్టు చూశాడు. మళ్ళీ నడిచాడు. అంతే, కథ వేరే దారిన పోయింది.

నేను చప్పట్లు కొట్టడానికి ఎత్తిన చేతులు అలాగే ఉండిపోయాయి. ముందు కూర్చున్నవాళ్ళు వెనక్కి తిరిగి తాతయ్యను చూశారు. తాతయ్య ముఖం చూశాను. ఏం జరిగిందో ఆయనకు అర్థం కాలేదు. తనను తాను మొట్టమొదటిసారి చూసుకున్న మనిషి, తాను చేయని పని చేస్తూ చూసుకున్నాడు.

తిరుగు ప్రయాణంలో మొదట నవ్వులాటలే. పొరుగు మంద కాపరి ఒకడు మా బండి పక్కన నడుస్తూ అడిగాడు, “గొంగడి కింద ఎందుకు దాచినవ్ తాతా?” అందరూ నవ్వారు. కానీ ఆ ప్రశ్న మామూలుది కాదు. కాపరి అన్నవాడు గొర్రెపిల్లను మోస్తే నలుగురికీ కనబడేలా భుజాల మీద వేసుకుని, కాళ్ళు ముందుకు పట్టుకుంటాడు. గొంగడి కింద పెట్టి మోసేది దొంగిలించిన పిల్లనే అని మా వాళ్ళందరి లెక్క. బస్తీవాళ్ళకు అది కనిపించి ఉండదు. గొర్రెల సంగతి తెలిసినవాళ్ళు కాబట్టి మావాళ్ళకు ఇంకా గట్టిగా కనిపించింది. జల్లు పడుతున్న సంగతి తెర మీద తెలియలేదు. వెనక వస్తున్న తల్లి బొమ్మలోనే లేదు.

నాలుగు రోజులకు నవ్వులు ఆగి లెక్కలు మొదలయ్యాయి. రెండేళ్ళ కింద తోడేలు పట్టుకుపోయిందన్న పిల్ల ఏమైందని ఒకడు, వానకు చచ్చిందన్న పిల్ల తోలు ఎందుకు తేలేదని ఒకడు. సినిమా వేరు, మన మంద వేరు అని మా నానమ్మ మొత్తుకుంది. అది సినిమానే అని వాళ్ళకూ తెలుసు. అయినా కళ్ళతో చూసింది పోదు కదా. పటేలు మనిషిని పంపి, ఇంట్లో శుభకార్యం ఉందని చెప్పి తన గొర్రెలన్నీ తోలుకుపోయాడు. ఆ శుభకార్యం ఏదో ఇప్పటిదాకా ఎవరూ చూడలేదు. తర్వాత ఇద్దరు రైతులు. తర్వాత సేటు. బడిలో నన్ను దొంగ మనుమడా అని పిలవడం మొదలుపెట్టారు. కొట్టాను, కొట్టించుకున్నాను.

మా వాళ్ళలో పిల్ల ఎవరిదన్న తగువు వస్తే తీర్పు ఒకటే. పిల్లను మందలో వదులుతారు. ఏ తల్లి వాసన చూసి పాలిస్తే దానిదే. తాతయ్య ఆ తీర్పుకు సిద్ధంగా ఉన్నాడు. కానీ ఆనాటి పిల్ల ఈసరికి కొమ్ములు తిరిగిన పొట్టేలు. తల్లి దాన్ని ఎప్పుడో మరిచింది. చూపించడానికి ఇంకేమీ లేదు. దొడ్డిలో సగం చోటు ఖాళీ అయిన రోజున తాతయ్య నన్ను వెంటబెట్టుకుని తాండూరు నడిచాడు, తాను ఏం దొంగిలించాడో అడగడానికి.

టాకీసులో అడగడానికి దొరికింది మిషన్ నడిపే ఆపరేటర్ సాబ్ ఒక్కడే. నలభై ఏళ్ళ మనిషి, నోట్లో ఎప్పుడూ పాన్. తాతయ్య చెప్పింది మొత్తం విన్నాడు. మాట్లాడకుండా ఇనుప మెట్లెక్కించి తన గదిలోకి తీసుకుపోయాడు. రీలు విప్పి కిటికీ వెలుతురుకు పట్టాడు. వేలి గోరంత గోరంత తాతయ్యలు వరసగా, ఒకరి కింద ఒకరు. ఆ వరసకు పైన ఏడుస్తున్న పిల్ల. ఇద్దరికీ మధ్య అడ్డంగా ఒక గీత. అదే అతుకు అన్నాడు. అమ్మాయి ఏడ్చింది ఒక ఊళ్ళో, మీరు నడిచింది ఇంకో ఊళ్ళో, ఎవరో మద్రాసులో ఒక గదిలో కూర్చుని రెండింటినీ కత్తిరించి అతికించాడు అన్నాడు.  సినిమా అంటే జరిగినదాన్ని జరిగినట్టు పట్టి తెచ్చేదని అప్పటిదాకా అనుకున్నాను.

తాతయ్య ఆ ముక్కను కంటికి దగ్గరగా పెట్టుకుని చివరిదాకా చూశాడు. ఆఖరి బొమ్మ దగ్గర ఆయన వేలు ఆగింది. మూలన నల్లగా ఒక మూతి. తల్లి గొర్రె అప్పుడే బొమ్మలోకి వస్తోంది, సరిగ్గా అక్కడే కత్తెర పడింది. ఊరి పెద్దలను పిలిచి ఇది చూపిస్తానన్నాడు తాతయ్య. ఆపరేటర్ సాబ్ తల అడ్డంగా ఊపాడు.

“వాళ్ళు గోడంత చూసిండ్రు చాచా. గిప్పుడు గోరంత చూపిస్తే ఎవడు నమ్ముతడు? జర ఆగు, ఫికర్ జెయ్యకు. ఐతారం సంతకు వస్తరు గదా, పొద్దుగాల ఆటకు అందర్ని తీస్కరా.”

ఆదివారం కొందరిని తాతయ్య బతిమాలి, కొందరిని నానమ్మ తిట్టి, ఎలాగైతేనేం అందరినీ టాకీసుకు చేర్చారు. మళ్ళీ అదే సినిమా. కాపరి పిల్ల ఏడ్చింది. ఈసారి ఏడుపు తర్వాత తాతయ్య రాలేదు. జనం ఒకరి ముఖాలు ఒకరు చూసుకున్నారు, మంద తాత ఆపరేటరుకు ఏదో ముట్టజెప్పి ముక్క తీయించేశాడని వెనక నుంచి గుసగుస వచ్చింది. కథ సాగింది. చివర్లో గాలివాన వచ్చి గుడిసెలు కూలుతాయి, గొర్రెలు వరదలో కొట్టుకుపోతాయి. ఆ గాలివాన మధ్యలో మా తాతయ్య ప్రత్యక్షమయ్యాడు. చంకలో పిల్ల, పైన గొంగడి. ఆగాడు. వెనక్కి చూశాడు, మిగిలినవాటిని కాపాడలేకపోయానే అన్నట్టు చూశాడు. మళ్ళీ నడిచాడు. గాలివాన చప్పుడు టక్కున ఆగి ఆ రీలు ముక్కకు అంటుకుని వచ్చిన పాట ఒకటి కాస్త వినిపించి పోయింది. అది ఎవరికీ పట్టలేదు. అయ్యో అన్నారు ఆడవాళ్ళు. పటేలు కండువాతో కళ్ళు ఒత్తుకున్నాడు. నా కళ్ళలోనూ నీళ్ళు తిరిగాయి. ఆ బండ మీద కూర్చుని నిజం చూసిన నా కళ్ళలోనే!

అప్పుడు మిషన్ ఆగింది. తలుపుల మీది నల్ల పరదాలు తీశారు, ఎండ లోపలికి వచ్చింది. ఆపరేటర్ సాబ్ కిందికి దిగి వచ్చి తెర ముందు నిలబడ్డాడు. మొదటిసారి మీరు చూసింది, ఇప్పుడు మీరు చూసింది ఒకటే ముక్క అన్నాడు. ఒక్క బొమ్మ మార్చలేదు, చోటు మార్చానంతే, కావాలంటే పైకి వచ్చి చూసుకోండి అన్నాడు. కొందరు నిజంగానే మెట్లెక్కి చూసి వచ్చారు.  తమ కళ్ళు తమను ఇంత సులువుగా మోసం చేస్తాయని వాళ్ళు ఎన్నడూ అనుకోలేదు.

కాసేపటికి తేరుకున్నారు. గొంగడి గురించి అడిగిన కాపరే ముందుకు వచ్చి తాతయ్య కాళ్ళు పట్టుకున్నాడు. “నువ్వు దేవునివి తాతా, గాలివానల గూడ పిల్లను ఇడువలే” అన్నాడు. ముక్క జరిపిన సంగతి విని కూడా ఆ మాట అన్నాడు! పటేలు అందరూ వినేలా రేపే గొర్రెలు పంపిస్తానన్నాడు. నేను ఎగిరి గంతేయబోయాను. పోయినదంతా తిరిగి వచ్చేసింది.

తాతయ్య లేచి నిలబడ్డాడు. ఆయనకు అంత కోపం రావడం నేను అంతకుముందు చూడలేదు, తర్వాతా చూడలేదు.

“ఏ గాలివాన రా? నేనెవ్వర్ని కాపాడలే. పొద్దుగాల పుట్టిన పిల్ల, సలి వెడ్తుందని గొంగడి కప్పిన. తల్లి ఎనుక వస్తుందా లేదా అని సూసిన. గంతే. దొంగ అన్నది అబద్ధం, దేవుడు అన్నది గూడ అబద్ధమే. గీ సిన్మా జూసి ఏడ్చినోళ్ళు నాకు గొర్లు పంపకుండ్రి. దొడ్డికి వచ్చి, గొర్ల నోర్లు తెరిసి పండ్లు జూసి, గిట్టలు జూసి, అప్పుడు నమ్మితే మీ గొర్లను నా మందల ఇడిసిపెట్టుండ్రి.”

పటేలు ముఖం మాడిపోయింది. కళ్ళు ఒత్తుకున్న కండువాను భుజాన వేసుకుని వెళ్ళిపోయాడు. ఆయన గొర్రెలు మా మందకు మళ్ళీ రాలేదు. సేటు వచ్చాడు, దొడ్డిలో పూటంతా తిరిగి చూసి, తనవి తెచ్చి వదిలాడు. రైతుల్లో ఒకడు వచ్చాడు, ఒకడు రాలేదు. మంద బతికింది గానీ మునుపటి మంద కాలేదు. మేకలు కూడా మేపాల్సి వచ్చింది, మా నాన్న బండల గనిలో పనికి పోయాడు.

ఆ రోజు ఇంటికి నడుస్తూ తాతయ్యతో గొడవపడ్డాను. పటేలు అంత మాట అన్నాక నోరు మూసుకుంటే ఏం పోయేది అని అడిగాను.  ఆయన నడుస్తూనే మెల్లగా అన్నాడు, “ఇయ్యాల బొమ్మ జూసి ఏడ్చినోడు, రేపు ఇంకో బొమ్మ జూసి తంతడు పిలగా. గసొంటి నమ్మకం మీద నేను గొర్లు మేపలేను.” అది నాకు అప్పుడు సగమే తలకెక్కింది.

నాకు తలకెక్కింది అతుకు. కత్తెర, సీసాలో అంటించే మందు ఉంటే మనిషిని దొంగను చేయవచ్చు, దేవుణ్ణి చేయవచ్చు! బడి మానేసి ఆపరేటర్ సాబ్ గదిలో కూర్చున్నాను. రీలు పెట్టెల మూతల మీద చూసి ఇంగ్లిషు అక్షరాలు నేర్చుకున్నాను. అక్కణ్ణుంచి వికారాబాద్‌లో ఫోటో స్టూడియో, హైదరాబాద్‌లో ఎడిటింగ్ గది, తర్వాత మద్రాసు. కుటుంబ కథలు తీశాను, దయ్యాల సినిమా తీశాను, పిల్లల సినిమా తీశాను. విత్తనాల మీద, టీకాల మీద సర్కారు చిత్రాలు, సబ్బుల ప్రకటనలు. మూడు భాషల్లో పనిచేశాక విదేశాలవాళ్ళు పిలిచారు. ఎడారిలో ఒంటెల కాపరుల మీద ఒకటి, మంచు కొండల్లో బడి మీద ఒకటి. పేపర్లవాళ్ళు దీన్నంతా బహుముఖ ప్రజ్ఞ అని రాస్తారు. పని ఎక్కడ దొరికితే అక్కడ చేశాను, అంతకంటే ఏమీ లేదు. ఏ బడీ నేర్పలేదు కాబట్టి ఎవరికీ జవాబు చెప్పుకోనక్కర్లేదని కాస్త పొగరు కూడా ఉండేది.

ఆ పొగరు మూడేళ్ళ కింద తాండూరులోనే దిగింది. మా తాండూరు గనుల నాపరాయి సముద్రాలు దాటి ఎవరెవరి ఇళ్ళలోనో నేలగా పరచుకుంటుంది కదా, దాని మీద ఒక విదేశీ కంపెనీ కోసం సినిమా తీశాను. గనిలో ఒక ఆడమనిషి పనిచేస్తూ కొంగుతో కళ్ళు తుడుచుకుంది. దుమ్ము పడింది, అంతే. ఇంకో రోజు, ఇంకో గనిలో, ప్రమాదంలో పోయిన ఒక కార్మికుడి అంత్యక్రియలు తీశాం. కూర్చేటప్పుడు ఆ పాడె తర్వాత ఈమె కళ్ళు తుడుచుకోవడం పెట్టాను. చేసింది ఎవరో కాదు, నేనే. విదేశంలో చూపించినప్పుడు ఆ ముక్క దగ్గర హాలు హాలంతా ఏడ్చింది, చివర్లో లేచి నిలబడి చప్పట్లు కొట్టింది. నేను తల వంచి దండం పెట్టాను.

తిరిగి వచ్చి ఆ గొప్ప సినిమాను తాండూరులో గనివాళ్ళందరినీ కూర్చోబెట్టి చూపించాను. కళ్ళు తుడుచుకున్న ఆమె, పక్కనే భర్త, వెనక అత్త. పాడె వచ్చింది, ఆమె ముఖం వచ్చింది. భర్త మొదట నవ్వాడు. అత్త లేచి, కోడలి తల మీద చేతులు తిప్పి దిష్టి తీసి, బయటికి వెళ్ళిపోయింది. ఆమె మాత్రం కదలకుండా నావైపు తిరిగి అడిగింది.

“సారూ, నా మొగడు ఈడనే ఉన్నడు గదా. నేను ఎవరికోసం ఏడుస్తున్న?”

 ఇంత వయసు వచ్చి, ఇన్ని దేశాలు తిరిగి, మా ఇంటికి జరిగిన అన్యాయాన్ని జీవితమంతా తిట్టుకుంటూ వచ్చినవాణ్ణి, కళ్ళు చెమర్చేంత అందంగా అదే పని ఇంకొకరికి చేశాను. చేస్తున్నప్పుడు గుర్తుకైనా రాలేదు!

ఆ ముక్క తీసేయమని కంపెనీకి రాశాను. జనానికి అన్నిటికంటే నచ్చింది అదేనని బదులు వచ్చింది. ఏడు నెలలు తగవులాడి చివరికి నా పేరు తీయించుకున్నాను, ముక్కను మాత్రం తీయించలేకపోయాను. ఆమె ఉండే వాడకట్టుకు వెళ్ళి, అత్త ముందు, ఇరుగుపొరుగు ముందు నిలబడి నేను చేసింది చేసినట్టు చెప్పాను. అత్త మంచినీళ్ళు ఇచ్చింది. క్షమించానని మాత్రం అనలేదు.

ఇప్పటికీ పని చేస్తూనే ఉన్నాను. ఎవరినైనా తెర మీదికి ఎక్కించే ముందు వాళ్ళ ఇంటికి వెళ్తాను. వాళ్ళ ముఖానికి ముందు ఏం పెట్టానో, వెనక ఏం పెట్టానో చూపిస్తాను. ఇది నువ్వేనా అని అడుగుతాను. నా దగ్గర పనిచేసే కుర్రవాళ్ళకు ఇది పెద్దాయన చాదస్తం, ఎడిటింగ్ ఆలస్యమవుతుందని విసుక్కుంటారు. విసుక్కోనీ. ఈ మధ్య బషీరాబాద్ దగ్గర పిల్లలకు చదువు చెప్పే ఒక తల్లి మీద చిన్న సినిమా చేశాం. మా కుర్రవాళ్ళు ప్రాణం పెట్టి కూర్చారు, నేనే రెండోసారి వేయించుకుని చూశాను. ఆమె మొత్తం చూసి, “నేనే గానీ సారూ, గింత మంచిదాన్నైతే గాదు” అంది.

ఆమెను అంత మంచిదాన్ని చేసిన ముక్కలు తీసేసి మళ్ళీ మొదటినుంచి కూర్చుతున్నాం.